కారు కీచుమన్నప్పుడు



మా ఇంట్లో ఒక పాత కారు ఉన్నది. అది గొప్ప కోసం కొన్నది కాదు. 2022లో నాన్నగారి మూత్రపిండాలు రెండూ దెబ్బతిన్నాయి. ఇక వారానికి రెండుసార్లు డయాలసిస్ తప్పదని డాక్టర్లు చెప్పారు. మాది రేపల్లె దగ్గర పల్లెటూరు. ఆసుపత్రి గుంటూరులో ఉన్నది. తెనాలి మీదుగా వెళ్లి రావాలంటే సుమారు 120 కిలోమీటర్లు. మొదట కొన్ని వారాలు బస్సులోనే తీసికొని వెళ్లాము. వెళ్లేటప్పుడు బాగానే ఉండేవారు. వచ్చేటప్పుడు నీరసంతో కళ్లు తిరిగేవి. ఒకనాడు తెనాలి బస్టాండులో బల్లమీద పడుకోబెట్టి, రెండు బస్సులు వదిలేసి మూడవ బస్సు ఎక్కించాము. ఆ రాత్రే మేము భార్యాభర్తలము కూర్చుని ఆలోచించుకొన్నాము. చీటీ పాడిన డబ్బుకు కొంత అప్పు కలిపి, ఎనిమిదేళ్లు వాడిన ఒక చిన్న కారు కొన్నాము.

కొనేటప్పుడు ఇంజను ఎలా ఉంది, టైర్లు ఎలా ఉన్నాయి అని అడిగాము గాని, ఏసీ సంగతి అడగలేదు. పల్లెటూరి బడిపంతుళ్లకు ఏసీ ఎందుకు అనుకొన్నాము. అది మా తెలివితక్కువతనమని ఎండాకాలం వచ్చాక తెలిసింది. ఎందుకనగా, డయాలసిస్ చేయించుకొనేవారిలో చాలామందికి మూత్రం సరిగా రాదు. తాగిన నీరు ఒంట్లోనే నిలిచిపోతుంది. అది కాళ్లకు, ఊపిరితిత్తులకు చేరి ఆయాసం తెస్తుంది. గనుక ఎవరు ఎంత తాగాలో డాక్టరు కొలత పెడతారు. నాన్నగారికి కాఫీ, మజ్జిగ, చారు అన్నీ కలిపి రోజుకు ఒక లీటరు మాత్రమే. ఎండలో తిరిగితే దాహం వేస్తుంది. దాహం వేసినా తాగరాదు. అటువంటి మనిషికి కారులో చల్లగాలి అనేది విలాసం కాదు, మందులో భాగమే.

2023 మే నెలలో ఆ చల్లగాలికే అడ్డంకి వచ్చింది. ఏసీ మీట నొక్కగానే బానెట్ కింద నుండి కీచుమని ఒక అరుపు బయలుదేరేది. పలకమీద గోటితో గీసినట్లు ఒళ్లు జలదరించేది. రోడ్డున పోయేవారు తిరిగి చూసేవారు. మొదట కొద్ది క్షణాలు అరిచి ఊరుకొనేది. వారం తిరిగేసరికి సగం దూరం అరవసాగింది.

మేము చేసిన పనులు ఒక్కొక్కటిగా చెబుతాము. మీలో ఎవరైనా అవే పొరపాట్లు చేయకుండా ఉండాలని మా కోరిక.

మొదట దగ్గరలోని ఒక షాపుకు తీసికొని వెళ్లాము. అక్కడి కుర్రవాడు చూసీ చూడకుండానే "గ్యాసు తగ్గి ఉంటుందండీ" అని, కొలత పెట్టకుండానే గ్యాసు ఎక్కించాడు. అరుపు తగ్గలేదు సరిగదా, ఇంకా పెరిగింది. తరువాత మా వీధిలో లారీ నడిపే అబ్బాయి వచ్చి బానెట్ ఎత్తి చూసి, "బెల్టు అరుస్తోంది బాబాయ్, సబ్బు రుద్దితే పోతుంది" అన్నాడు. ఇంజను ఆపి బెల్టుకు సబ్బు రుద్దాడు. నిజంగానే రెండు రోజులు కారు నోరెత్తలేదు. మేము ఎంతో సంతోషించాము. మూడవ నాడు మునుపటికంటె గట్టిగా అరిచింది.

ఇక గుంటూరులోనే ఒక పెద్ద వర్క్‌షాపులో చూపించాము. అక్కడ ఐదు నిమిషాలు విని, "కంప్రెసర్ పోయింది. కొత్తది వేయాలి. అంతా కలిపి 28,000 అవుతుంది" అన్నారు. ఆ మాట విని మా నోట మాట రాలేదు. ఇంట్లో ఉన్న రెండు గాజులు కుదువ పెడదామా, ఇంకొక చీటీ పాడదామా అని తర్జనభర్జన పడుతూ, అంతవరకు ఏసీ వేయకుండా తిరగాలని నిర్ణయించుకొన్నాము. ఏసీ వేయకపోతే అరుపు లేదు గదా! అద్దాలు దించుకొని వెళ్లసాగాము. రోహిణి కార్తె దగ్గర పడుతున్నది. వేడిగాలి ముఖం మీద కొట్టేది.

"నాన్నా, ఉక్కగా ఉందా?" అని అడిగేవాళ్లము.

"నాకేం ఉక్కగా లేదర్రా. గాలి బాగానే వస్తోంది" అనేవారు.

ఆయన బాగానే ఉందన్నారు, కారు అరవడం మానింది. మేము కూడా బాగానే ఉందనుకొన్నాము.

రెండు వారాల తరువాత ఆసుపత్రిలో బరువు తూచిన నర్సు కాగితం చూసి కనుబొమలు ముడిచింది. డయాలసిస్‌కు ముందు ప్రతిసారీ బరువు చూస్తారు. పోయినసారి ముగించినప్పటి బరువుకు, ఇప్పటి బరువుకు ఉన్న తేడాయే ఒంట్లో చేరిన నీరు. "తాతగారూ, ఈసారి నాలుగు కిలోలు పెరిగారు. నీళ్లు ఎక్కువ తాగుతున్నారా?" అని అడిగింది. నాన్నగారు తల వంచుకొన్నారు. అంత నీరు ఒక్కసారిగా లాగితే బీపీ పడిపోతుందని, ఆనాడు ఎక్కువసేపు మిషను మీద ఉంచారు. మేము బయట బెంచీ మీద కూర్చుని ఒకరి ముఖం ఒకరు చూసుకోలేకపోయాము. ఇంటికి చేరాక కుండ దగ్గరకు ఎన్నిసార్లు వెళుతున్నారో మేము గమనించనేలేదు.

ఆ బెంచీ మీదనే మాకు ఒక పెద్దాయన పరిచయమయ్యాడు. ఆయన భార్యకు కూడా అదే చికిత్స. తెనాలిలో ముప్పై ఏళ్లుగా కార్ల ఏసీలు బాగుచేస్తున్నానని చెప్పాడు. మా సంగతి విని, ముందు కారును గురించి ఏమీ చెప్పలేదు. డాక్టరు రోగిని అడిగినట్లు మమ్మల్ని ప్రశ్నలు అడిగాడు.

"ఎప్పుడు అరుస్తుంది మాస్టారూ? పొద్దున చల్లటి ఇంజనుతోనా, వేడెక్కాకా? ఏసీ మీట నొక్కగానేనా, ఫ్యాను పెంచినప్పుడా? ఆపేస్తే వెంటనే ఆగుతుందా? ఏసీ లేకపోయినా సన్నగా ఏదైనా శబ్దం వస్తుందా?"

మేము ఒక్కదానికీ సరిగా జవాబు చెప్పలేకపోయాము.

"మీరు అరుపును ఆపాలని చూశారు గాని, అది ఎప్పుడు వస్తోందో చూడలేదు. రెండు రోజులు విని, కాగితం మీద రాసుకొని రండి. అప్పుడు చూద్దాం" అన్నాడు. బడిపిల్లలకు మేము చెప్పవలసిన మాట ఆయన మాకు చెప్పాడు.

ఏ శబ్దానికి ఏది కారణమో ఆయన ఆనాడు మాకు వివరించాడు. మాకు అర్థమైనంతవరకు ఇక్కడ రాస్తున్నాము.

కారు ఏసీలో ముఖ్యమైనది కంప్రెసర్. అది గ్యాసును నొక్కి ముందుకు పంపుతుంది. మామూలు పెట్రోలు, డీజిలు కార్లలో దానికి వేరే మోటారు ఉండదు. ఇంజను తిప్పే రబ్బరు బెల్టే దానినీ తిప్పుతుంది. కంప్రెసర్ ముందున్న పుల్లీ ఏసీ వేయకపోయినా బెల్టుతోపాటు తిరుగుతూనే ఉంటుంది. మనం మీట నొక్కినప్పుడు ఒక అయస్కాంతం పనిచేసి, ముందున్న పళ్లెం ఆ పుల్లీకి అతుక్కొంటుంది. అప్పుడే లోపలి కంప్రెసర్ తిరుగుతుంది. చాలా కార్లలో మనకు టక్కుమని వినిపించేది ఈ అతుక్కొనే శబ్దమే. కొన్ని కొత్త కార్లలో ఈ ఏర్పాటు ఉండదు గనుక టక్కుమనదు.

ఇప్పుడు అరుపు సంగతి. మీట నొక్కగానే కీచుమని అరిచి, ఆపగానే ఆగిపోతే, ముందుగా అనుమానించవలసింది బెల్టును. కంప్రెసర్ బరువు ఒక్కసారిగా మీద పడేసరికి, వదులైన బెల్టు పట్టు తప్పి పుల్లీ మీద జారుతుంది. ఆ జారుడే అరుపు. ఎడ్లు బలమైనవే అయినా కాడి వదులైతే బండి కదలదు గదా, అట్లాగే.

ఏసీ వేసినా వేయకపోయినా శబ్దం వస్తూ, ఇంజను వేగంతోపాటు పెరుగుతుంటే, ఏదో ఒక పుల్లీలోని బేరింగు అరిగి ఉండవచ్చును. అది కంప్రెసర్ పుల్లీది కావచ్చు, బ్యాటరీకి కరెంటు ఇచ్చే ఆల్టర్నేటర్‌ది కావచ్చు, బెల్టును బిగువుగా పట్టి ఉంచే టెన్షనర్ అనే చిన్న చక్రానిది కావచ్చు.

శబ్దం బానెట్ కింద నుండి గాక డాష్‌బోర్డు లోపల నుండి వస్తూ, ఫ్యాను ఒకటి మీద నుండి మూడు మీదికి పెంచినప్పుడు మారుతుంటే, అది గాలి విసిరే బ్లోయర్‌ది. అందులో ఎండుటాకు చిక్కుకొన్నా గరగరలాడుతుంది. చెట్టు కింద కారు నిలిపేవారికి ఇది మామూలే.

ఇనుమును ఇనుముతో రాచినట్లు ఏసీ వేసినంతసేపూ గర్రుమంటే, అప్పుడు కంప్రెసర్ లోపలే దెబ్బతిన్నదేమోనని భయపడాలి. గ్యాసుతోపాటే నూనె కూడా లోపల తిరుగుతూ ఉంటుంది. గ్యాసు కారిపోయినప్పుడు నూనె కూడా తగ్గి, లోపలి భాగాలు ఎండి రాసుకొంటాయి. అటువంటి శబ్దం వస్తే వెంటనే ఏసీ ఆపివేయాలి.

ఇక ఏసీ ఆపిన తరువాత కొద్దిసేపు సన్నగా బుసకొట్టినట్లు వినిపించడం, కారు కింద మంచినీటి చుక్కలు కారడం, ఈ రెండూ రోగాలు కావు. లోపలి ఒత్తిడి సర్దుకొనే శబ్దం మొదటిది. గాలిలోని తేమ చల్లబడి కారే నీరు రెండవది.

ఇవన్నీ విన్నాక రెండు రోజులు మేము పరీక్ష రాసే పిల్లలవలె కూర్చున్నాము. ఒకరు స్టీరింగు దగ్గర, ఒకరు దూరంగా నిలబడి నోటు పుస్తకంతో. మేము రాసుకొన్నది ఇది: పొద్దున స్టార్టు చేయగానే రెండు క్షణాలు అరుపు. ఏసీ మీట నొక్కితే పెద్ద అరుపు, ఆపితే ఆగింది. ఫ్యాను పెంచినా తగ్గించినా మార్పు లేదు. ఏసీ లేనప్పుడు కూడా చెవి పెట్టి వింటే గిరగిరమని సన్నటి శబ్దం. ఎండ ముదిరిన తరువాత, బండి నిలబడి ఉన్నప్పుడు అరుపు మరీ ఎక్కువ.

ఆ కాగితం చూసి పెద్దాయన నవ్వాడు. "సగం పని మీరే చేశారు మాస్టారూ" అన్నాడు.

తెనాలిలో ఆయన షెడ్డులో కారు పెట్టాము. ఇంజను నడుస్తుండగా, చేయి దూరంగా ఉంచి, సీసాతో కొద్దిగా నీరు బెల్టు మీద చిమ్మాడు. అరుపు పెరిగింది. "జారుతోంది" అన్నాడు. నీరు పడ్డప్పుడు శబ్దం కాసేపు తగ్గి మళ్లీ మొదలైతే పుల్లీలు ఒకే వరుసలో లేవని అనుమానించాలట. పెరిగితే బిగువు చాలడం లేదని అర్థమట. ఇది చేయి తిరిగినవారు చేయవలసిన పరీక్ష. ఇంట్లో చేయవద్దని ఆయనే గట్టిగా చెప్పాడు.

తరువాత ఇంజను ఆపి, తాళం తీసి, బెల్టు ఊడదీశాడు. లోపలి గాళ్లు గాజువలె మెరుస్తున్నాయి. జారి జారి కాలిన గుర్తు అది. పైగా సబ్బు పేరుకొని ఉన్నది. "సబ్బు జారనిస్తుంది గాని పట్టనివ్వదు. అరుపు ఆగితే జబ్బు పోయినట్లు కాదు" అన్నాడు. ఆపైన పుల్లీలను ఒక్కొక్కటిగా వేలితో తిప్పి చూపించాడు. కంప్రెసర్ పుల్లీ నున్నగా తిరిగింది. టెన్షనర్ చక్రం మాత్రం ఇసుక పోసినట్లు గరుకుగా తిరిగింది. దాని స్ప్రింగు కూడా బలం తగ్గి ఉన్నది. బెల్టు వదులు కావడానికి అదే కారణం. సన్నటి గిరగిర కూడా దానిదే.

ఆయన అక్కడితో ఆగలేదు. "ఎండలో, నిలబడినప్పుడు ఎక్కువ అరుస్తోందని రాశారు గదా" అంటూ కారు ముందువైపు చూపించాడు. రేడియేటరుకు ముందు కండెన్సర్ అని ఒక జాలీవంటిది ఉంటుంది. కంప్రెసర్ నొక్కిన వేడి గ్యాసు అక్కడ చల్లారాలి. మా కారుకు ఆ జాలీ నిండా వరి నూగు, ధూళి, రెక్కల పురుగులు అట్టకట్టి ఉన్నాయి. కోతల కాలంలో రోడ్ల మీద ధాన్యం ఆరబోస్తారు గదా, ఆ దుమ్మంతా ఇక్కడే చేరింది. గాలి ఆడక గ్యాసు చల్లారదు, ఒత్తిడి పెరుగుతుంది. అప్పుడు కంప్రెసర్ మరింత బరువుగా తిరుగుతుంది. దానికి తోడు మొదటి షాపులో కొలత లేకుండా ఎక్కించిన గ్యాసు ఒకటి. మీటర్లు పెట్టి చూస్తే ఒత్తిడి ఉండవలసిన దానికంటె బాగా ఎక్కువగా ఉన్నది.

జాలీని మెల్లటి నీటిధారతో కడిగాడు. గట్టి ధారతో కొడితే సన్నటి రేకులు వంగిపోతాయట. గ్యాసును గాలిలోకి వదలకుండా మిషనులోకి లాగి, కారు మీద అంటించిన చీటీలో ఎన్ని గ్రాములని ఉన్నదో సరిగా అంతే తూచి ఎక్కించాడు. కొత్త బెల్టు, కొత్త టెన్షనర్ వేశాడు. కూలీతో అంతా కలిపి 5,000 లోపే అయింది. కంప్రెసర్ మార్చనే లేదు. గాజులు మా ఇంట్లోనే ఉన్నాయి.

బిల్లు ఇస్తూ ఆయన చెప్పిన మాట ఒకటి మమ్మల్ని భయపెట్టింది. మా కారులో ఆల్టర్నేటరును, ఇంజనును చల్లబరచే నీటి పంపును, ఏసీని, మూడింటినీ తిప్పేది ఆ ఒక్క బెల్టే. అది దారిలో తెగి ఉంటే బ్యాటరీకి కరెంటు ఉండదు. కాసేపటికే ఇంజను వేడెక్కి ఆపవలసి వచ్చేది. డయాలసిస్ అయి నీరసంగా ఉన్న మనిషితో, మిట్టమధ్యాహ్నం, నడిరోడ్డు మీద! ఏసీ ఆపుకొని క్షేమంగా ఉన్నామనుకొన్న ఆ వారాలన్నీ, గరుకు చక్రం మీదనే ప్రయాణం చేశామన్నమాట.

కారు ఉన్న కుటుంబాలకు మా మనవి కొద్దిగా ఉన్నది. శబ్దం వస్తే ఎప్పుడు, ఎక్కడ, దేనితో వస్తుందో రాసుకొని మెకానిక్ దగ్గరకు వెళ్లండి. పెద్ద ఖర్చు చెబితే, బెల్టు తీసి పుల్లీలను చేతితో తిప్పి చూపించమని మర్యాదగా అడగండి. గ్యాసు తూకం ప్రకారం ఎక్కించమనండి. ఏడాదికి ఒకసారైనా ముందు జాలీ కడిగించండి. ఇంజను నడుస్తుండగా బెల్టు దగ్గరకు చేయి, పైటకొంగు, తువ్వాలు ఏవీ పోనీయకండి. ఇంజను ఆపిన తరువాత కూడా రేడియేటరు ఫ్యాను దానంతటదే తిరగవచ్చును గనుక పిల్లలను దగ్గరకు రానీయకండి. గ్యాసు గొట్టాలను ఇంట్లో ఎన్నడూ విప్పకండి. అందులోని ఒత్తిడికి బయటకు చిమ్మే గ్యాసు కంటికి, చర్మానికి తగిలితే గడ్డకట్టినంత పని చేస్తుంది.

ఆ మరుసటి డయాలసిస్ రోజున తిరిగి వస్తూ ఏసీ వేశాము. టక్కుమన్న చిన్న శబ్దం తప్ప మరేమీ లేదు. నాన్నగారు ముందు సీటులో తల వెనుకకు వాల్చి కళ్లు మూసుకొన్నారు. తెనాలి దాటాక లేచి, "బండి నోరు మూసుకొందే!" అన్నారు.

అప్పుడు అడిగాము. "ఉక్కగా ఉందని ఎందుకు చెప్పలేదు నాన్నా? దాహమైనా చెప్పలేదు."

ఆయన కొంతసేపు కిటికీలోనుండి పొలాలవైపు చూశారు. "అరిచే బండితోనే మీరు సతమతమవుతున్నారు. నేను కూడా ఎందుకు అరవడం అనుకొన్నానురా" అన్నారు.

మేము బదులు చెప్పలేకపోయాము.

ఇప్పటికీ వారానికి రెండుసార్లు ఆ దారిన వెళుతూనే ఉన్నాము. ఆ నోటు పుస్తకం కారులోనే ఉంటుంది. ఎడమ పేజీలో కారు సంగతులు రాస్తాము: ఎప్పుడు ఏ శబ్దం వచ్చింది, ఎప్పుడు జాలీ కడిగించాము. కుడి పేజీలో నాన్నగారి బరువు, ఆనాడు తాగిన నీళ్లు. ఎడమ పేజీలో చాలా రోజులు ఖాళీగా ఉంటుంది. కుడి పేజీ మాత్రం ఆయన ఏమీ చెప్పకపోయినా మేమే అడిగి నింపుతున్నాము.